టెంకాయిచి 3లో ముందు గార్డు బటన్

పాత పీఎస్2 (ప్లేస్టేషన్ 2) దుమ్ము దులిపి డ్రాగన్ బాల్ జెడ్: బుడోకాయ్ టెంకాయిచి 3 అనే ఫైటింగ్ గేమ్ మళ్లీ ఆడుతున్నారా? అయితే మొదట్లోనే కమేహమేహ (చేతుల్లోంచి వదిలే శక్తి కిరణం) జోలికి పోకండి. ట్రైనింగ్ మోడ్‌లో ముందు సర్కిల్ బటన్ మీద చెయ్యి కుదుర్చుకోండి. నొక్కి పట్టుకుంటే అది మామూలు గార్డే, అంటే దెబ్బ కాచుకోవడమే. కానీ అవతలివాడు మిమ్మల్ని ఎగరగొట్టి, వెంటపడి ఇంకో దెబ్బ వేయబోయే క్షణంలో టక్కున నొక్కితే మీ ఫైటర్ మాయమై వాడి వెనకాల తేలతాడు. వాడూ అదే పని చేస్తే మళ్లీ మీ వంతు. ఇక చూడండి, అచ్చం టీవీలో డ్రాగన్ బాల్ జెడ్ కార్టూన్‌లో చూసిన ఫైటే!

2007లో వచ్చిన ఈ గేమ్ ఇప్పటికీ బోర్ కొట్టకపోవడానికి అసలు కారణం ఇదేనని నా లెక్క. ఫైటర్లు, వాళ్లు మారే రూపాలన్నీ కలిపి 161 ఉండటం ఆ తర్వాతే. (వాటిలో గాల్లో ఎగరలేని మిస్టర్ సాటన్ కూడా ఉన్నాడు. వాడితో గెలిస్తే ఆ మజాయే వేరు.)

ఒక్కటి గుర్తుంచుకోండి. మాయమైన ప్రతిసారీ కీ (ఫైటర్ ఒంట్లోని శక్తి) ఖర్చవుతుంది. కాస్త దూరం దొరికితే చాలు, ఎల్2 బటన్ నొక్కి పట్టి దాన్ని నింపుకోండి.