డీఎల్ఎల్ ఫైలు మిస్సింగ్ అంటోందా? ఆ ఒక్క ఫైలు కోసం నెట్‌లో వెతకొద్దు

విండోస్ కంప్యూటరులో ప్రోగ్రాం తెరవబోతే 'ఎంఎస్‌వీసీపీ140.డీఎల్ఎల్ కనబడలేదు' అని ఒక పెట్టె వస్తుంది. అమలాపురంలో మా రిపేరు షాపుకి ఈ సమస్యతో వచ్చేవాళ్లలో చాలామంది అప్పటికే సగం చెడగొట్టుకుని వస్తారు. ఆ పేరు నెట్‌లో కొట్టడం, ముందు దొరికిన సైట్లోంచి ఫైలు దించడం, ఎక్కడో ఒకచోట పెట్టేయడం. దయచేసి ఆ పని చేయకండి.

ముందు ఆ ఫైలు ఏమిటో తెలియాలి. కోనసీమలో ప్రతి చేనుకీ విడిగా నీళ్లు తెచ్చుకోం. ధవళేశ్వరం దగ్గర మొదలైన కాలువ ఊళ్లన్నిటికీ పారుతుంది, ఎవరి బోదె వాళ్లు తీసుకుంటారు. డీఎల్ఎల్ కూడా అలాంటిదే. చాలా ప్రోగ్రాములకు కావలసిన పని ఒక ఫైలులో ఉంటుంది, అన్నీ దాన్నే వాడుకుంటాయి. అందుకే ఒక్క ఫైలు పోతే రెండు మూడు ప్రోగ్రాములు ఒకేసారి ఆగిపోతాయి.

కావలసినవి నెట్ కనెక్షను, అడ్మిన్ పాస్‌వర్డు. పెట్టెలో వచ్చిన ఫైలు పేరు ఒక్క అక్షరం పోకుండా ఫోనుతో ఫొటో తీసుకోండి. తర్వాత కంప్యూటరు ఒకసారి రీస్టార్ట్ చేయండి. యాంటీవైరస్ క్వారంటైన్‌లో, అంటే అది అనుమానించి పక్కన పెట్టిన ఫైళ్లలో, ఆ ఫైలు ఉందేమో కూడా చూడండి.

ఇప్పుడు పేరు చదవండి. ఎంఎస్‌వీసీఆర్, ఎంఎస్‌వీసీపీ, వీసీరన్‌టైమ్ అని మొదలైతే అది మైక్రోసాఫ్ట్ విజువల్ సీ ప్లస్ ప్లస్ రీడిస్ట్రిబ్యూటబుల్ ప్యాకేజీలోది. చివరి సంఖ్య అది ఏ సంవత్సరం ప్యాకేజీదో చెబుతుంది: 100 అంటే 2010, 110 అంటే 2012, 120 అంటే 2013. 140 అయితే 2015 నుంచి ఇటువైపు వాటన్నిటికీ కలిపి ఒకే ప్యాకేజీ. డీ3డీఎక్స్9 అని మొదలైతే అది గేములకు కావలసిన పాత డైరెక్ట్‌ఎక్స్ ఫైలు, దానికి 2010 జూన్ ప్యాకేజీ ఉంది. ఏదైనా సరే మైక్రోసాఫ్ట్ సొంత సైటు నుంచే దించుకోవాలి. పేరు వీటిలో దేనికీ కలవకపోతే అది చాలావరకు ఆ ప్రోగ్రాం సొంత ఫైలు. ప్రోగ్రాం తీసేసి మళ్లీ వేస్తే సరిపోతుంది.

అసలు తప్పు జరిగేది 32, 64 బిట్ దగ్గర. విండోస్ గానీ ప్రోగ్రాములు గానీ ఈ రెండు రకాల్లో వస్తాయి. విండోస్ 64 బిట్ అయినంత మాత్రాన మీ ప్రోగ్రాం 64 బిట్ కానక్కర్లేదు. ఇక్కడి మిల్లుల్లో, కొబ్బరి కొట్లలో నేను చూసే పాత బిల్లింగ్ ప్రోగ్రాములు ఎక్కువగా 32 బిట్వే. 32 బిట్ ప్రోగ్రాంకి 32 బిట్ డీఎల్ఎల్ మాత్రమే పనికొస్తుంది. పైగా 64 బిట్ విండోస్‌లో ఫోల్డర్ల పేర్లు తిరకాసుగా ఉంటాయి: సిస్టం32లో ఉండేవి 64 బిట్ ఫైళ్లు, సిస్‌వావ్64లో ఉండేవి 32 బిట్ ఫైళ్లు. పేరు నమ్మి చేత్తో కాపీ చేస్తే తప్పుచోట పెట్టేస్తారు.

ఒకసారి దాళ్వా (రబీ) కోతలప్పుడు ఒక రైస్ మిల్లు నుంచి ఫోను. బయట ధాన్యం ట్రాక్టర్లు నిలబడి ఉన్నాయి, కాటా ప్రోగ్రాం తెరుచుకోవడం లేదు. గుమస్తా గారు, "ఒక్క ఫైలే కదండీ, నెట్‌లో దొరికితే ప్రోగ్రాం ఫోల్డర్లోనే పెట్టేశానండీ" అన్నారు. 32 బిట్ ప్రోగ్రాం పక్కన 64 బిట్ ఫైలు పెట్టారు. దాంతో 'మిస్సింగ్' పోయి 0ఎక్స్‌సీ000007బీ అనే ఇంకో ఎర్రర్ వచ్చింది. తర్వాత సరైన ప్యాకేజీ వేసినా తగ్గలేదు. ఎందుకంటే ప్రోగ్రాం ముందు తన ఫోల్డర్లోనే వెతుకుతుంది. అక్కడ ఆ తప్పు ఫైలు ఉన్నంతసేపూ సిస్టంలోని మంచి ఫైలు దాకా పోదు. దాన్ని తీసేసిన మరుక్షణం కాటా నడిచింది. మీరూ ఎక్కడైనా ఫైలు పెట్టి ఉంటే ముందు దాన్ని తీసేసి మొదలుపెట్టండి.

64 బిట్ విండోస్‌లో ఎక్స్86 (32 బిట్‌ది), ఎక్స్64 (64 బిట్‌ది) ప్యాకేజీలు రెండూ వేయాలి. ఏది కావాలో కనిపెడుతూ కూర్చోవడం కన్నా ఇదే దారి. యాప్‌ల జాబితాలో విజువల్ సీ ప్లస్ ప్లస్ పేరుతో పది వరసలు కనబడితే పాతవి దండగని తీసేయకండి. 2010 మీద కట్టిన ప్రోగ్రాంకి 2010దే కావాలి.

పోయింది విండోస్ సొంత ఫైలైతే కమాండ్ ప్రాంప్ట్‌ని అడ్మినిస్ట్రేటర్‌గా తెరిచి, ముందు డీఐఎస్ఎం /ఆన్‌లైన్ /క్లీనప్-ఇమేజ్ /రీస్టోర్‌హెల్త్, అది పూర్తయ్యాక ఎస్ఎఫ్‌సీ /స్కాన్‌నౌ ఇంగ్లిషులో కొట్టండి. ప్రతి స్లాష్‌కి ముందు ఖాళీ ఉండాలి. మధ్యలో శాతం కదలకపోయినా టెన్షన్ పడి కిటికీ మూసేయకండి. మన దగ్గర కరెంటు ఎప్పుడు పోతుందో చెప్పలేం కాబట్టి యూపీఎస్ లేకుండా ఈ పని మొదలుపెట్టవద్దు.

ఆఖరుకి ఫార్మాట్ గురించి. డీఎల్ఎల్ ఎర్రర్ అనగానే ఫార్మాట్ చేసేద్దాం అనేవాళ్లున్నారు. మూడేళ్ల ఖాతాలు అందులో ఉన్న వ్యాపారికి అది ఎంత నష్టమో ఆలోచించాలి. పై పనులన్నీ చేశాకే ఆ మాట, అదీ డేటా వేరే డిస్కులోకి తీసుకున్నాకే.

అన్నీ అయ్యాక రీస్టార్ట్ చేయండి. ప్రోగ్రాం తెరుచుకుంది కదా అని వదిలేయకుండా ఒక బిల్లు కొట్టి ప్రింటు కూడా తీసి చూడండి.