బ్యాలే, మోడ్రన్ డాన్స్ గురించి చదవాలనుకుంటే ఎక్కడ మొదలుపెట్టాలి?

విశాఖలో కూచిపూడో భరతనాట్యమో ఏళ్ల తరబడి నేర్చుకుని, ఫోన్‌లో బ్యాలే వీడియోలు చూసి, "వీటి గురించి సరిగ్గా తెలుసుకోవాలంటే ఏం చదవాలి?" అని అడిగే పిల్లలు ఈమధ్య చాలామంది ఉన్నారు. పెద్ద బ్యాలే కంపెనీలు మన ఊరిదాకా రావడం అరుదు. కళాభారతిలో అయినా చిల్డ్రన్స్ అరీనాలో అయినా మనం చూసేది ఎక్కువగా మన నాట్యమే, కాబట్టి మనకున్న దారి పుస్తకం, పక్కన వీడియో. ఆ రెండూ కలిసే నడవాలి. ఒక నృత్యం గురించి పుస్తకంలో వచ్చిందంటే అక్కడ ఆగి, దాన్ని యూట్యూబ్‌లో వెతికి చూసి, మళ్లీ అదే పేజీ చదివి అప్పుడు ముందుకెళ్లండి. చూడని అడుగు గురించి ఎంత బాగా రాసినా బుర్రలో నిలవదు.

లావుపాటి చరిత్ర పుస్తకంతో మాత్రం మొదలుపెట్టకండి. ఫ్రెంచి రాజుల దగ్గరే పేర్లన్నీ కలగాపులగమైపోయి పుస్తకం అల్మరా ఎక్కుతుంది. ముందు ఒక మనిషి కథ చదవండి. బ్యాలే ఇష్టమైతే తమారా కార్సావినా రాసిన 'థియేటర్ స్ట్రీట్', 1930లో వచ్చింది. సెయింట్ పీటర్స్‌బర్గ్‌లో జార్ల కాలం నాటి నాట్య పాఠశాల ఉన్న వీధి పేరు అది. ఆవిడ ఆ బడిలోనే పెరిగింది, 1910లో పారిస్‌లో 'ఫైర్‌బర్డ్' మొదటిసారి ఆడినప్పుడు ఆ పక్షి వేషం ఆవిడదే. బడిలో క్రమశిక్షణ, గురువులంటే ఉండే భయభక్తులు, విప్లవం వచ్చాక దేశం వదిలి వెళ్లడం చదువుతుంటే, మన దగ్గర గురువుగారింట్లో ఉండి నేర్చుకున్న తరం చెప్పే కబుర్లు గుర్తొస్తాయి.

మోడ్రన్ డాన్స్ వైపు మనసు లాగితే ఇసడోరా డంకన్ 'మై లైఫ్'. బ్యాలే బూట్లూ కార్సెట్లూ వద్దని ఉత్త కాళ్లతో వేదిక ఎక్కిన మనిషి ఆవిడ. 1927లో నీస్‌లో మెడలోని స్కార్ఫ్ కారు చక్రంలో చుట్టుకుని చనిపోయింది, పుస్తకం ఆ ఏడాదే వచ్చింది. మన దేశంలో రచయిత పోయిన 60 ఏళ్లకు కాపీరైట్ తీరిపోతుంది కనుక ఇంటర్నెట్ ఆర్కైవ్‌లో వెతుక్కుని నిశ్చింతగా చదువుకోవచ్చు. అందులోని సంఘటనల్ని అక్షరాలా నమ్మక్కర్లేదు, ఆవేశంగా రాసుకున్న పుస్తకం అది, ఆ ఆవేశం కోసమే చదవాలి.

ఇక చేతికందే దూరంలో ఎప్పుడూ ఉండాల్సింది గెయిల్ గ్రాంట్ 'టెక్నికల్ మాన్యువల్ అండ్ డిక్షనరీ ఆఫ్ క్లాసికల్ బ్యాలే'. బ్యాలే మాటలన్నీ ఫ్రెంచివే, పద్నాలుగో లూయీ 1661లో పారిస్‌లో నాట్య అకాడమీ పెట్టిన నాటి నుంచీ అంతే, అందుకని ఉచ్చారణతో సహా ఇచ్చే ఈ నిఘంటువు లేకపోతే అడుగడుగునా తడుముకోవాలి. డోవర్ వాళ్ల ముద్రణ కాబట్టి మిగతా వాటితో పోలిస్తే చవక. ఇందులో 'ప్లియే' అన్న మాట తీసి, కుర్చీ పట్టుకుని నిలబడి చదవండి. మోకాళ్లు పక్కలకు తెరుచుకుని కిందికి వంగుతాయి, మన అరమండిలాగే ఉందే అనిపిస్తుంది. కాసేపట్లోనే తేడా తెలిసిపోతుంది. మనం అరమండిలో కూర్చుని అక్కడే ఉండి నాట్యం చేస్తాం, వాళ్లు ప్లియేలోంచి పైకి లేవడానికే కిందికి దిగుతారు, గెంతే ముందూ గెంతి నేల మీదికి వచ్చేటప్పుడూ. ఈ ఒక్క సంగతి ఒంటికి తెలిసిందంటే తర్వాత చదివే సగం పుస్తకాలు సులువవుతాయి. ఒక జాగ్రత్త: పాదాలు పక్కకు తిప్పడం తుంటి దగ్గర్నుంచి రావాలి, మోకాలిని మెలిపెట్టి తిప్పకండి. మునివేళ్ల మీద నిలబడే పాయింట్ పని పుస్తకం చూసి అసలే చేయకండి. రష్యన్ బ్యాలే గురువు అగ్రిప్పినా వగానోవా 1934లో రాసిన పాఠ్యగ్రంథం కూడా దొరుకుతుంది గానీ ఎదురుగా టీచర్ లేనివాళ్లకు దానితో పెద్దగా పనిలేదు.

నిఘంటువు పక్కన మన పాత సంస్కృత నాట్యగ్రంథం అభినయ దర్పణం పెట్టుకోండి, ఇది నేను పట్టుబట్టి చెప్పే మాట. 1917లో దాన్ని 'ది మిర్రర్ ఆఫ్ జెస్చర్' పేరుతో ఇంగ్లీషులోకి తెచ్చింది ఆనంద కుమారస్వామి, ఆయనతో పాటు మన దుగ్గిరాల గోపాలకృష్ణయ్య, చీరాల-పేరాల ఉద్యమం నడిపిన ఆయనే. అందులో తలకు 9 కదలికలు, చూపుకు 8, మెడకు 4, ఒంటి చేతికి 28 ముద్రలు అని లెక్క ఉంటుంది. గ్రాంట్ పుస్తకంలో మాటలు ఎక్కువగా కాళ్ల చుట్టూ తిరుగుతాయి. ఏ నాట్యం శరీరంలో ఏ భాగాన్ని ముందు పట్టించుకుందో ఆ రెండు పుస్తకాలూ ఎదురెదురుగా ఉంటే కంటికే కనిపిస్తుంది.

అప్పుడు చరిత్ర. జెన్నిఫర్ హోమన్స్ 'అపోలోస్ ఏంజెల్స్', 2010. ఆవిడ స్వయంగా బ్యాలే ఆడిన మనిషి, అందుకే రాజకీయాలు రాసినా అడుగు మర్చిపోదు. 1832లో మారీ తాల్యోనీ ఆడిన 'లా సిల్ఫిద్' గురించి చదివినప్పుడు ఆ వీడియో, నృత్య దర్శకుడు పెతిపా 'స్వాన్ లేక్' దగ్గర ఆ వీడియో, అలా నెమ్మదిగా నెలల తరబడి చదవండి. బ్యాలే చచ్చిపోతోందన్న ఆవిడ ముగింపుతో నేను ఏకీభవించను, అది మాత్రం మీరే చదివి తేల్చుకోండి. 'లా బయదేర్' దగ్గరికి రాగానే మనవాళ్లకు ఒళ్లు మండొచ్చు. 1877లో సెయింట్ పీటర్స్‌బర్గ్‌లో ఆడిన ఈ బ్యాలేలో నాయిక నికియా ఒక దేవదాసి, కానీ ఆ గుడీ ఆ పూజారీ యూరప్ వాళ్ల ఊహ. అంతకు దాదాపు నలభై ఏళ్ల ముందే, 1838లో, పుదుచ్చేరి ప్రాంతం నుంచి నిజమైన దేవదాసీలు పారిస్ వెళ్లి ఆడారు, వాళ్లలో అమనీ గురించి ఫ్రెంచి రచయిత గోతియే మైమరచి రాశాడు. అయినా వేదిక మీద నిలిచింది ఊహే. ఆ కోపంతోనే మానవశాస్త్రవేత్త జోన్ కెయలీనోహోమొకు బ్యాలే మీద రాసిన వ్యాసం చదవండి. బ్యాలే కూడా ఒక జాతి తన అలవాట్లలోంచి పుట్టించుకున్న నాట్యమే, అందరికీ ప్రమాణం కాదు అని ఆవిడ తేల్చి చెప్పింది. 'వాట్ ఈజ్ డాన్స్?' అనే 1983 నాటి సంకలనంలో ఉంది.

అమెరికాలో మోడ్రన్ డాన్స్‌కి పెద్ద పేరైన మార్తా గ్రాహం కోసం రెండు పుస్తకాలు జంటగా తీసుకోవాలి. 'బ్లడ్ మెమరీ' ఆవిడ తన గురించి చెప్పుకున్నది, 'మార్తా' ఆవిడ స్నేహితురాలు ఆగ్నెస్ డి మిల్ రాసింది, రెండూ 1991లోనే వచ్చాయి. ఒకరి గొప్పను వాళ్ల నోటా, పక్కవాళ్ల నోటా వినడంలో తేడా తెలుస్తుంది. వీడియోకి ఆవిడ 1930 నాటి నృత్యం 'లామెంటేషన్' చాలు: బల్ల మీద కూర్చున్న మనిషి, ఒంటిని కప్పేసిన సాగే గుడ్డ, బల్ల దిగకుండానే దుఃఖమంతా ఆ గుడ్డ మడతల్లో కనిపిస్తుంది.

ఇవన్నీ ఒకెత్తు, మోడ్రన్ డాన్స్ నృత్య దర్శకురాలు డోరిస్ హంఫ్రీ 'ది ఆర్ట్ ఆఫ్ మేకింగ్ డాన్సెస్' ఒకెత్తు. 1959లో, ఆవిడ పోయాక వచ్చింది. నృత్య రూపకాలు కట్టే మన టీచర్లందరూ చదవాల్సిన పుస్తకం ఇది. అటూ ఇటూ ఒకేలా నిలబెడితే ప్రాణం ఉండదంటుంది, చెవి కన్నా కన్ను వేగమంటుంది, నృత్యాలన్నీ ఉండాల్సినదానికన్నా పొడుగే అంటుంది, ముగింపు బాగుంటే నృత్యంలో నలభై శాతం కుదిరినట్టే అంటుంది. ఈసారి రూపకం చూడ్డానికి వెళ్లినప్పుడు వెనక వరసలో కూర్చుని చూడండి. నాయికకు అటు ముగ్గురు ఇటు ముగ్గురు నిలబడ్డప్పుడు కన్ను ఎక్కడికి పోతోంది, ఒకమ్మాయి వెనక మూల నుంచి ముందుకు ఐమూలగా నడిచొస్తే ఏమవుతోంది గమనించండి. మనది భక్తి కథ, ఎదురుగా దేవుడు ఉన్నట్టే నిలబడతాం కాబట్టి అటూ ఇటూ ఒకేలా నిలబడడం మనకు అవసరమైన చోట్లు ఉంటాయి, అక్కడ ఆవిడ మాట వినక్కర్లేదు.

తర్వాత సాలీ బేన్స్ 'టెర్ప్సికోరీ ఇన్ స్నీకర్స్', 1962లో న్యూయార్క్ జడ్సన్ చర్చిలో మొదలైన నృత్య ప్రయోగాల గురించి, కొంచెం ఓపిక కావాలి. కరొలిన్ బ్రౌన్ 'ఛాన్స్ అండ్ సర్కమ్‌స్టాన్స్' దానికన్నా ముందే చదివితే మంచిది. సంగీతం ఒకచోట, నృత్యం ఒకచోట విడివిడిగా తయారై వేదిక మీదే కలుసుకునే అమెరికన్ నృత్య దర్శకుడు మెర్స్ కనింగ్‌హామ్ పద్ధతి, తాళానికీ అడుగుకీ ముడి వేసి పెరిగిన మనకు మొదట మింగుడుపడదు. ఆ కంపెనీలో ఇరవై ఏళ్లు ఆడిన మనిషి చెప్తే పడుతుంది. చివరగా మన దేశానికి వచ్చేయండి: రుస్తుం భరూచా 1995లో నృత్య దర్శకురాలు చంద్రలేఖ మీద రాసిన పుస్తకం చదివి, 1923లో రష్యన్ బ్యాలే నర్తకి అన్నా పావ్లోవాతో కలిసి లండన్‌లో ఆడిన ఉదయ్ శంకర్ తీసిన 'కల్పన' సినిమా, 1948 నాటిది, చూడండి.

దొరకడం గురించి ఒక మాట. కొనే ముందు ఆంధ్ర విశ్వవిద్యాలయం వి.ఎస్. కృష్ణా లైబ్రరీలోనూ ద్వారకానగర్ పౌర గ్రంథాలయంలోనూ అడగండి, లేకపోతే తెప్పించమని రాసివ్వండి. ఖరీదైనవి ఇద్దరు ముగ్గురు కలిసి కొనుక్కోండి. పాతవి ఆన్‌లైన్‌లో కొంటే ఫొటో పేజీలు అన్నీ ఉన్నాయో లేదో అమ్మేవాళ్లని ముందే అడగండి, ఈ పుస్తకాల్లో సగం పాఠం ఆ ఫొటోల్లోనే ఉంటుంది. మన సముద్రపు తేమకి నున్నటి ఆర్ట్ పేపరు ఒకదానికొకటి అంటుకుపోతుంది కాబట్టి వాటిని గోడకు ఆనించి ఇరికించకుండా గాలి ఆడేచోట పెట్టండి.