నోటీసు నుంచి విచారణ దాకా – 3వ పాఠం: కాంటూరు గీత దగ్గర మీ మాట

మీ భూమి అభయారణ్యం హద్దులోకో చిత్తడి నేల హద్దులోకో వస్తుందంటూ ప్రభుత్వం పంపే నోటీసు ఉంటుంది కదా, దాన్ని చదవడం పోయిన పాఠంలో నేర్చుకున్నాం. అడంగల్ (ఏ పొలంలో ఎవరు ఏ పంట వేశారో రాసే గ్రామ రికార్డు), ఎఫ్‌ఎంబీ (పొలం కొలతల పటం) నకళ్లు తెచ్చుకోమన్నాను కదా, అవి పక్కన పెట్టుకుని ఇది చదవండి.

కొల్లేరునే తీసుకుందాం. 1999లో ప్రభుత్వం +5 కాంటూరు లోపల ఉన్న సుమారు 308 చదరపు కిలోమీటర్లను అభయారణ్యంగా ప్రకటించింది. కాంటూరు అంటే ఒకే ఎత్తులో ఉన్న చోట్లను కలిపే గీత, +5 అంటే సముద్ర మట్టానికి అయిదడుగుల ఎత్తు. ఆ గీత లోపల జిరాయితీ భూములు, అంటే రైతుల సొంత పట్టా భూములు, కూడా ఉన్నాయి. సరస్సు బతకాలి, అందులో నాకు రెండో మాట లేదు. బుడమేరు, తమ్మిలేరు వరద వచ్చి ఆగేది అక్కడే. అయితే హద్దు తేల్చేటప్పుడు పొలం ఉన్నవాడి మాట కూడా రికార్డులోకి రావాలి.

1972 వన్యప్రాణి సంరక్షణ చట్టం 21వ సెక్షన్ ప్రకారం కలెక్టర్ స్థానిక భాషలో ఊరూరా ప్రకటన ఇవ్వాలి. హక్కు ఉందనేవాళ్లు రెండు నెలల్లోగా రాతపూర్వకంగా చెప్పుకోవాలి. ఆ తర్వాతి సెక్షన్ ఇంకా ముఖ్యం. ఎవరూ వచ్చి అడగని హక్కునైనా, ప్రభుత్వ రికార్డుల్లోనో తెలిసినవాళ్ల సాక్ష్యంలోనో దొరికినంతవరకు కలెక్టరే విచారించాలి. దరఖాస్తు రాసుకోలేని కుటుంబానికి ఇది పెద్ద అండ. దయచేసి గుర్తుపెట్టుకోండి.

2017 చిత్తడి నేలల నియమాల కింద అయితే ముసాయిదా నోటిఫికేషన్ మీద అభ్యంతరాలకు 60 రోజులు ఉంటాయి. ఆ నియమాల నిర్వచనంలోకి వరి పొలాలు రావు. అలాగని 'మాది వరి చేనండీ' అంటే సరిపోదు, ఏ ఏడు ఏ పంట వేశారో అడంగల్ చూపించాలి.

ఇక అసలు పని, జవాబు రాయడం. ఎక్కువమంది ఇలా రాస్తారు: 'ఇది మా తాతల నాటి భూమి. మాకు అన్యాయం జరుగుతోంది. న్యాయం చేయగలరు.' ఇందులో అబద్ధం ఏమీ లేదు, కానీ అధికారి తేల్చాల్సిన విషయం ఒక్కటీ లేదు. దాన్నే ఇలా రాసి చూడండి (బెంచ్ మార్కు అంటే ఎత్తు ముందే తేల్చి పెట్టిన గుర్తు, ఫీల్డ్ బుక్ అంటే సర్వేయర్ కొలతలు రాసుకునే పుస్తకం):

'నా భూమిలో 2 ఎకరాల 40 సెంట్లు +5 కాంటూరు లోపల ఉన్నట్టు నోటీసులో రాశారు. ఆ లెవెల్ ఏ తేదీన, ఏ బెంచ్ మార్కు నుంచి తీశారో చూపే ఫీల్డ్ బుక్ నకలు ఇప్పించండి. నా సమక్షంలో మళ్లీ లెవెల్ తీయించండి. నకలు అందాక పూర్తి జవాబు ఇవ్వడానికి 15 రోజుల గడువు కోరుతున్నాను.'

ఇందులో ప్రతి వాక్యానికీ అవుననో కాదనో చెప్పక తప్పదు. ఇచ్చేటప్పుడు రెండో కాపీ మీద తేదీతో ముద్ర వేయించుకోండి.

సర్వేయర్ వచ్చిన రోజు టెన్షన్ పడకుండా స్టాఫ్, అంటే ఎత్తు కొలిచే అంకెల కర్ర, ఎక్కడ పెడుతున్నారో చూడండి. బోదెలో పెడితే మీ పొలం ఉన్నదానికన్నా పల్లంగా లెక్కకొస్తుంది. గట్టు మీద పెడితే మెరకగా వస్తుంది. గట్టు మీద రీడింగ్ మీకే లాభం, అయినా 'పొలంలో పెట్టండి' అని మీరే చెప్పండి. రేపు అవతలివాళ్లు దాన్ని పట్టుకుంటే మీ నిజమైన మాటలకూ విలువ పోతుంది. కొల్లేరు చుట్టుపక్కల నేల ఎంత చదునంటే, అడుగు తేడాకే ఎకరాలకు ఎకరాలు గీత అటూ ఇటూ అవుతాయి. పంచనామా, అంటే అక్కడ జరిగింది రాసుకునే కాగితం, మొత్తం చదివించుకోండి. ఒప్పుకోని సంగతి ఉంటే సంతకానికి పైనే రాయండి: 'రీడింగ్ బోదెలో తీశారు, నాకు అభ్యంతరం ఉంది.' ఖాళీ కాగితం మీద మాత్రం సంతకం వద్దు.

విచారణ మధ్యలో అధికారి బదిలీ అయితే? కొత్తాయన పాత ఫైలు చూసి ఆదేశం ఇవ్వబోతే, మళ్లీ వినమని రాతపూర్వకంగా అడగండి. ఒకరు విని మరొకరు నిర్ణయిస్తే ఆ వినడం ఉత్త తంతేనని గుల్లపల్లి నాగేశ్వరరావు కేసులో సుప్రీంకోర్టు తేల్చింది. మన ఆంధ్రలో బస్సు రూట్ల జాతీయకరణ మీద నడిచిన కేసు అది. ఆదేశం వచ్చాక అందులో కారణాలు వెతకండి. ఆదేశంలో లేని కారణాన్ని తర్వాత అఫిడవిట్‌లో అతికించడం కుదరదని 1977లో మొహిందర్ సింగ్ గిల్ కేసులో అదే కోర్టు చెప్పింది.

ఈ వారం అభ్యాసం: మీ నోటీసులోంచి ఒక్క వాక్యం తీసుకోండి. అది నిజమో కాదో తేలాలంటే ఏ కాగితం చూడాలో దాని కింద రాయండి. ఆ కాగితం మీ దగ్గర లేకపోతే, దాన్ని అడుగుతూ అయిదు వాక్యాల దరఖాస్తు రాసి ఉంచండి. వచ్చే పాఠం ఆ దరఖాస్తుతోనే మొదలుపెడదాం.