ఇంట్లో ఆటల రికార్డింగు: గేముకు ఒక పద్ధతి, ప్రసారానికి మరో పద్ధతి

తాము ఆడే క్రికెట్ గేమునూ, టీవీలో వచ్చే మ్యాచ్‌నూ రికార్డు చేసుకోవాలనుకునేవాళ్లు చాలామంది రెండింటికీ ఒకే పరికరం కొని, ఒకే సెట్టింగుతో మొదలుపెడతారు. మొదటి వారంలోనే నల్లటి తెర ఎదురైతే, కొన్నది పాడైపోయిందనుకుని దుకాణానికి తిరిగి పట్టుకుపోతారు. అనంతపురంలో మా ఇంట్లో ఈ పని కొన్నేళ్లుగా చేస్తున్నాను కాబట్టి ముందే ఒక మాట చెప్పగలను. గేము మన చేతిలో ఉన్నది, రికార్డింగు చెడితే మళ్లీ ఆడుకోవచ్చు. అక్కడ చూసుకోవలసింది బొమ్మ నాణ్యత. ప్రసారం ఒక్కసారే వస్తుంది, అదీ చాలావరకు తాళం వేసుకుని వస్తుంది. అక్కడ చూసుకోవలసింది సమయం, జాగా, కరెంటు.

గేముతో మొదలుపెడదాం. సోనీ ప్లేస్టేషన్ 4, 5 (పీఎస్4, పీఎస్5) కన్సోళ్లలో రికార్డింగు సదుపాయం లోపలే ఉంటుంది. పీఎస్4లో షేర్ బటను, పీఎస్5లో క్రియేట్ బటను నొక్కితే అంతకుముందు ఆడిన ఆట కూడా భద్రమవుతుంది, కాబట్టి సిక్సర్ కొట్టాక గుర్తొచ్చినా ఫరవాలేదు. పీఎస్4లో మామూలుగా 15 నిమిషాలు ఉంటుంది, దాన్ని 60 నిమిషాల దాకా పెంచుకోవచ్చు. మామూలు పీఎస్4 ఇచ్చేది 720పీ బొమ్మ, సెకనుకు 30 ఫ్రేములు. పీఎస్5 దానికంటే చాలా మెరుగు. స్నేహితులకు చూపించే చిన్న క్లిప్పులకు ఇది చాలు, డబ్బు పెట్టనక్కర్లేదు. పూర్తి ఇన్నింగ్సు కావాలన్నా, మీ గొంతు విడిగా ఉండాలన్నా, తర్వాత కూర్చుని ఎడిట్ చేయాలన్నా అప్పుడు క్యాప్చర్ కార్డు, అంటే కన్సోలు బొమ్మను ల్యాప్‌టాప్‌లోకి పంపే చిన్న పెట్టె, అవసరమవుతుంది.

క్యాప్చర్ కార్డు కలిపే వరుస తేలికే. కన్సోలు నుంచి వచ్చే హెచ్‌డీఎంఐ కేబులు కార్డులోని ‘ఇన్’లోకి, అక్కడి ‘ఔట్’ నుంచి టీవీకి, యూఎస్‌బీ కేబులు ల్యాప్‌టాప్‌కు. ఆడేటప్పుడు టీవీనే చూడాలి. ల్యాప్‌టాప్‌లో కనిపించే బొమ్మ కొంచెం ఆలస్యంగా వస్తుంది, దాన్ని చూసి బ్యాటు తిప్పితే ప్రతి బంతికీ బౌల్డ్ అవుతారు. ఇంత కలిపినా తెర నల్లగానే ఉంటే కారణం దాదాపు ఎప్పుడూ హెచ్‌డీసీపీ. హెచ్‌డీఎంఐ తీగ వెంట వచ్చే బొమ్మను ఎవరూ నకలు తీయకుండా వేసే తాళం అది. పీఎస్4లో సెట్టింగ్స్‌లోని సిస్టంలోకి, పీఎస్5లో సిస్టం లోపలి హెచ్‌డీఎంఐలోకి వెళ్లి, ‘ఎనేబుల్ హెచ్‌డీసీపీ’ని ఆపేస్తే గేము బొమ్మ వస్తుంది. అది ఆపినంతసేపూ ఆ కన్సోలులో సినిమాల యాప్‌లు పనిచేయవు, ఇంట్లో వాళ్లకు ముందే చెప్పి పెట్టడం మంచిది. ఎక్స్‌బాక్స్, నింటెండో స్విచ్‌లలో గేము నడిచేటప్పుడు ఈ తాళం ఉండదు. పాత పీఎస్3లో మాత్రం దాన్ని తీసే వీలు లేదు, కాంపోనెంటు కేబులు ద్వారానే రికార్డు చేయాలి.

కార్డు కొనేటప్పుడు డబ్బా మీద రాసినదంతా నమ్మకండి. నేను మొదట కొన్న చౌక కార్డు డబ్బా మీద పెద్ద అక్షరాలతో 4కె అని ఉంది. అది లోపలికి తీసుకోగల బొమ్మ సంగతే తప్ప రికార్డు చేసే బొమ్మ సంగతి కాదని ఇంటికొచ్చాక తెలిసింది. 1080పీ బొమ్మను సెకనుకు 60 ఫ్రేముల చొప్పున కుదించకుండా పంపాలంటే సెకనుకు దాదాపు 250 ఎంబీ ప్రవహించాలి, యూఎస్‌బీ 2.0 తీగలో సిద్ధాంతం ప్రకారమే 60 ఎంబీ మించదు. అందుకే అలాంటి కార్డులు బొమ్మను ముందే బాగా కుదించి, చాలాసార్లు 30 ఫ్రేములకు దించి ఇస్తాయి. యూఎస్‌బీ 3.0 కార్డు తీసుకోండి, ల్యాప్‌టాప్‌లో కూడా 3.0 పోర్టుకే గుచ్చండి. ఆ పోర్టు లోపలి నాలుక చాలా యంత్రాల్లో నీలంగా ఉంటుంది.

60 ఫ్రేముల పట్టుదల ఎందుకంటే, గంటకు 140 కిలోమీటర్ల వేగంతో వచ్చే బంతి బౌలరు చేతి నుంచి బ్యాటు దాకా చేరడానికి సుమారు అర సెకను పడుతుంది. 30 ఫ్రేముల రికార్డింగులో ఆ ప్రయాణమంతా 15 బొమ్మల్లో అయిపోతుంది, 60లో 30 బొమ్మలు దొరుకుతాయి. నెమ్మదిగా తిప్పి చూసేటప్పుడు బంతి సీమ్ మీద పడి లోపలికి తిరిగిందా, నేరుగా వచ్చిందా అన్నది కనిపించేది ఈ తేడాలోనే. కథ నడిచే గేములకు 30 సరిపోతుందేమో గాని, క్రికెట్‌కూ ఫుట్‌బాల్‌కూ చాలదు. (ఆర్‌డీటీ అనే స్వచ్ఛంద సంస్థ మైదానాల పుణ్యమా అని మా ఊళ్లో ఫుట్‌బాల్ గేముల పిచ్చి తక్కువేమీ కాదు.)

రికార్డు చేసే సాఫ్ట్‌వేరుగా ఓబీఎస్ స్టూడియో ఉచితంగా దొరుకుతుంది, అంతకు మించి వెతకనక్కర్లేదు. వీడియో సెట్టింగుల్లో 1920×1080, 60 ఎఫ్‌పీఎస్ పెట్టుకోండి. ఔట్‌పుట్‌లో ఎన్వీడియా గ్రాఫిక్స్ ఉంటే వీడియోను కుదించే పనిని ఆ గ్రాఫిక్స్ చిప్పుకే అప్పగించే ఎన్‌వెంక్ ఎంచుకుంటే ప్రాసెసరు మీద భారం తగ్గుతుంది. ఫైలు రకం విషయంలో మాత్రం మొండిగా ఉండండి: ఎంకేవీ పెట్టండి. మామూలు ఎంపీ4 ఫైలు ముగింపు సరిగ్గా రాయనిదే తెరుచుకోదు. మధ్యలో కరెంటు పోతే రెండు గంటల రికార్డింగు మొత్తం పనికిరాకుండా పోతుంది. ఎంకేవీ అయితే కరెంటు పోయిన క్షణం దాకా మిగులుతుంది. తర్వాత ఫైల్ మెనూలోని ‘రీమక్స్ రికార్డింగ్స్’తో, నాణ్యత ఏమాత్రం తగ్గకుండా, నిమిషాల్లో ఎంపీ4గా మార్చుకోవచ్చు.

జాగా లెక్క ముందే వేసుకోవాలి. ఓబీఎస్‌లో రికార్డింగు బిట్‌రేటు సెకనుకు 12 మెగాబిట్లు పెట్టారనుకోండి. అంటే సెకనుకు ఒకటిన్నర ఎంబీ, నిమిషానికి 90 ఎంబీ, గంటకు 5.4 జీబీ. మొదట్లో నేను ఫ్యాట్32 పద్ధతిలో ఫార్మాట్ అయిన హార్డ్ డిస్కు పెట్టి, సగం ఖాళీగానే ఉంది కదా అని నిశ్చింతగా ఆడుకున్నాను. 47 నిమిషాలకు రికార్డింగు ఆగిపోయింది. ఫ్యాట్32లో ఒక్క ఫైలు 4 జీబీ దాటకూడదు, డిస్కు ఎంత ఖాళీగా ఉన్నా సరే. ల్యాప్‌టాప్‌కు మాత్రమే వాడే డిస్కును ఎన్‌టీఎఫ్‌ఎస్‌గా, కన్సోలుకు కూడా తగిలించే డిస్కును ఎక్స్‌ఫ్యాట్‌గా ఫార్మాట్ చేసుకోండి. ప్లేస్టేషన్ ఎన్‌టీఎఫ్‌ఎస్‌ను గుర్తించదు.

కంప్యూటరులోనే ఆడేవాళ్లకు కార్డు అవసరం లేదు. విండోస్‌లో విండోస్, ఆల్ట్, ఆర్ కలిపి నొక్కితే గేమ్ బార్ రికార్డింగు మొదలవుతుంది. అది మామూలుగా 30 ఫ్రేములకే పెట్టి ఉంటుంది, సెట్టింగుల్లో 60కి మార్చుకోవాలి. ఇప్పటికీ చాలా ఇళ్లలో నడుస్తున్న ఈఏ క్రికెట్ 07 వంటి పాత గేముల్లో ఓబీఎస్‌లోని గేమ్ క్యాప్చర్ మొరాయిస్తే డిస్‌ప్లే క్యాప్చర్ వాడండి. ఫోనులో అయితే ఆండ్రాయిడ్ 11 నుంచి స్క్రీన్ రికార్డరు లోపలే ఉంది. శబ్దానికి డివైస్ ఆడియో ఎంచుకుని, ఫోన్లు రాకుండా డు నాట్ డిస్టర్బ్ పెట్టుకుంటే చాలు.

శబ్దం విషయంలో మాత్రం కాస్త ఓపిక కావాలి. కార్డు ద్వారా వచ్చే బొమ్మ ఆలస్యంగా, మైకులో మీ గొంతు వెంటనే చేరుతాయి. దీన్ని సరిచేయడానికి నేను చేసే పని ఇది: టీవీ శబ్దం తగ్గించి, గేములో నెట్ ప్రాక్టీసు పెట్టి, బ్యాటుకు బంతి తగలడం టీవీలో కనిపించిన క్షణంలోనే మైకు ముందు బల్ల మీద గట్టిగా తడతాను. అలా పది బంతులు రికార్డు చేసి, ఒక్కొక్క ఫ్రేమే జరుపుతూ చూస్తాను. తట్టిన చప్పుడు వినిపించాక ఆరు ఫ్రేములకు బంతి బ్యాటుకు తగిలిందనుకోండి. 60 ఫ్రేముల రికార్డింగులో ఒక్కో ఫ్రేము దాదాపు 17 మిల్లీసెకన్లు, ఆరు ఫ్రేములంటే 100. ఓబీఎస్‌లో అడ్వాన్స్‌డ్ ఆడియో ప్రాపర్టీస్‌లోకి వెళ్లి మైకు ఎదురుగా సింక్ ఆఫ్‌సెట్‌లో ఆ 100 వేస్తే రెండూ కలుస్తాయి. చేయి ఒక్కోసారి తొందరపడుతుంది, ఒక్కోసారి వెనకబడుతుంది. అందుకే ఒక్క బంతితో లెక్క కట్టకుండా పదింటి సగటు తీసుకుంటాను. అదే చోట గేము శబ్దాన్ని ఒక ట్రాకులో, గొంతును మరో ట్రాకులో పెట్టుకుంటే, వంటింట్లో కుక్కరు కూసిన చోట గొంతు ట్రాకును మాత్రమే కత్తిరించుకోవచ్చు. ఇంటర్నెట్‌లో పెట్టే ఉద్దేశం ఉంటే గేము మెనూలో మోగే పాటల్ని ఆపేయండి. ఆ పాటల హక్కులు వేరేవాళ్లవి, వీడియో మీద అభ్యంతరం వచ్చేది ఎక్కువగా వాటివల్లే.

ఇక ప్రసారాల సంగతి. డబ్బు కట్టే డీటీహెచ్ బాక్సు నుంచి హెచ్‌డీఎంఐ తీసి క్యాప్చర్ కార్డుకు పెడితే నల్లటి తెరే వస్తుంది. ఫోనులోని మ్యాచ్ యాప్‌లను స్క్రీన్ రికార్డు చేసినా చాలావాటిలో అంతే. కన్సోలులో లాగా ఆ తాళం తీసే సెట్టింగు అక్కడ ఉండదు. తాళం ఊడగొట్టే పెట్టెలు బజారులో దొరుకుతాయని చెప్పేవాళ్లున్నారు, ఆ జోలికి పోవద్దు. 2012లో కాపీరైటు చట్టంలో చేర్చిన 65ఎ సెక్షను అలాంటి పనులను ఉద్దేశించినదే. రికార్డింగు సదుపాయం ఉన్న బాక్సు ఇంట్లో ఉంటే దానితోనే చేసుకోండి. అది రాసే ఫైలు సాధారణంగా ఆ ఒక్క బాక్సులోనే తెరుచుకుంటుంది, బాక్సు మారితే రికార్డింగూ పోతుంది.

నాకు బాగా నచ్చిన దారి దూరదర్శన్ వారి ఉచిత డిష్ సర్వీసు, డీడీ ఫ్రీ డిష్. నెలనెలా కట్టేది ఉండదు, తాళం లేని ఛానెళ్లు పట్టే బాక్సుల్లో చాలావాటికి యూఎస్‌బీ రికార్డింగు ఉంటుంది. 2007 నాటి చట్టం ప్రకారం జాతీయ ప్రాముఖ్యం ఉన్నవిగా కేంద్రం ప్రకటించిన మ్యాచుల ప్రసారాన్ని హక్కులు కొన్న సంస్థలు దూరదర్శన్‌ను నడిపే ప్రసార భారతికి ఇవ్వాలి. కాబట్టి ఇండియా ఆడే ముఖ్యమైన మ్యాచులు కొన్ని ఇందులో దొరుకుతాయి. బొమ్మ హెచ్‌డీ అంత పదునుగా ఉండకపోయినా, ఆ రికార్డింగు ఏ కంప్యూటరులోనైనా తెరుచుకుంటుంది. కంప్యూటరులో వీఎల్‌సీ ప్లేయరులో చూసేటప్పుడు పరిగెత్తే ఆటగాళ్ల అంచులు దువ్వెన పళ్లలా చీలి కనిపిస్తే భయపడకండి. ప్రసారం ఇంటర్‌లేస్డ్ పద్ధతిలో, అంటే బొమ్మలోని సరి గీతలు ఒకసారి, బేసి గీతలు మరోసారి రావడం దానికి కారణం, వీడియో మెనూలో డీఇంటర్‌లేస్ ఆన్ చేస్తే సర్దుకుంటుంది. సొంతంగా చూసుకోవడానికి ప్రసారాన్ని రికార్డు చేసుకోవడం తప్పు కాదని 1957 కాపీరైటు చట్టంలోని 39వ సెక్షను చెబుతోంది. దాన్ని ఇంటర్నెట్‌లో పెట్టడం, పంచడం, అమ్మడం వేరే సంగతి. ప్రసార సంస్థకు ఆ ప్రసారం మీద 25 ఏళ్ల హక్కు ఉంటుంది.

టైమరు పెట్టేటప్పుడు మ్యాచ్ ముగిసే వేళకు కనీసం గంట కలపండి. 1998 ఏప్రిల్ 22న షార్జాలో ఆస్ట్రేలియా మీద సచిన్ ఇన్నింగ్సును మా నాన్న వీసీఆర్‌లో ఎక్కించారు. ఈ-180 కేసెట్టులో మూడు గంటలు పడుతుంది. మధ్యలో ఇసుక తుఫాను వచ్చి ఆట ఆగింది, టార్గెట్టు 46 ఓవర్లలో 276గా మారింది, ఆట ఆగిన సేపూ కేసెట్టు మాత్రం తిరుగుతూనే ఉంది. సచిన్ 143 చేసి ఔటయిన బంతి మా కేసెట్టులో లేదు, ఖాళీ మైదానంలో లేచిన ఇసుక మాత్రం భద్రంగా ఉంది. ఇప్పటి బాక్సులతో మరో చిక్కుంది: కొన్ని, రిమోటు చాలాసేపు ముట్టుకోకపోతే వాటంతట అవే నిద్రపోతాయి. ఆటో స్టాండ్‌బై సెట్టింగును వెతికి ఆపేయండి.

మన సీమలో వేసవి కూడా లెక్కలోకి వస్తుంది. ఏప్రిల్, మే నెలల్లో కర్నూలు, కడప, అనంతపురాల్లో 40 డిగ్రీలు దాటడం మామూలే. గోడ గూట్లో కడప బండ మీద, మూడు వైపులా గాలి ఆడని చోట కన్సోలు పెడితే సాయంత్రానికి బండే పెనంలా కాగుతుంది. వేడెక్కిన ల్యాప్‌టాప్ తన వేగాన్ని తనే తగ్గించుకుని రికార్డింగులో ఫ్రేములు వదిలేస్తుంది. నేను రెండింటినీ బల్ల మీద, గోడకు జానెడు దూరంలో పెట్టి ఫ్యాను వేస్తాను. కరెంటు కోసం ఇన్వర్టరుకు యూపీఎస్ మోడ్ మీట ఉందేమో చూసుకోండి. మామూలు మోడులో కరెంటు మారే ఆ చిన్న వ్యవధికి లైట్లు తట్టుకున్నా బాక్సు ఆగి మళ్లీ మొదలవుతుంది, రికార్డింగు అక్కడితో తెగుతుంది. మిద్దె మీది డిష్‌ను గాలిదుమారం తర్వాత ఒకసారి చూసి రండి. కొంచెం పక్కకు తిరిగినా బొమ్మ గళ్లు గళ్లుగా పగులుతుంది. గట్టి వానలో సిగ్నలు పోతే మాత్రం చేయగలిగింది లేదు.

అసలు రికార్డింగుకు ముందు రోజు, అదే ఛానెలులో, అదే డిస్కుతో, టైమరు మీదనే పది నిమిషాలు రికార్డు చేసి, కంప్యూటరులో తెరిచి, బొమ్మా శబ్దమూ రెండూ ఉన్నాయో లేదో చూడండి. మ్యాచ్ అయిన రాత్రే ఫైలుకు తేదీ, జట్ల పేర్లు పెట్టి మరో డిస్కులోకి ఒక నకలు వేసుకున్నాకే బాక్సులోని అసలును చెరపండి.