చెలక గట్లపై వట్టివేరు: నాటే తీరు, పెంచే తీరు, వేళ్లు తీసే తీరు

జనగామ, మహబూబాబాద్, నర్సంపేట ప్రాంతాల్లోని వాలు చెలకల్లో తొలకరి పెద్ద వానకు పారే నీరు ఎర్రగా ఉంటుంది. ఆ ఎరుపంతా పైరుకు బలమిచ్చే పైమట్టి. అది వాగుల వెంట పోయి చెరువుల్లో పూడికగా పేరుకుంటుంది. 2015లో మొదలైన మిషన్ కాకతీయలో చెరువుల నుంచి తవ్వి తీసిన పూడికలో మన చెలకల మట్టి కూడా ఉంది. చెరువుకు చేరిన మట్టిని ట్రాక్టర్లతో తిరిగి మోసుకురావడం కంటే, చేనులోనే ఆపుకోవడం మేలు. అందుకు తక్కువ ఖర్చుతో దీర్ఘకాలం పనిచేసే మొక్కల్లో వట్టివేరు ముందు వరుసలో ఉంటుంది. కొందరు దీన్నే కురువేరు అంటారు.

వట్టివేరు భారతదేశపు గడ్డి. వాగుల ఒడ్డున, తడి పల్లాల్లో, చెరువుల అంచున సహజంగా పెరుగుతుంది. ఒకసారి నాటితే ఏళ్ల తరబడి బతుకుతుంది, పిలకలు వేస్తూ గుబురుగా ఒకేచోట లావెక్కుతుంది. రెల్లు, దర్భ నేల లోపల దుంపకాండాలు పాకించి చేనంతా ఆక్రమిస్తాయి గనుక గట్టు మీదికి వాటిని తెచ్చుకోకూడదు. వట్టివేరుకు అలా పాకే కాండాలు లేవు. దీని వేళ్లు పక్కలకు తక్కువగా, లోతుకు ఎక్కువగా పోతాయి. అనువైన నేలలో రెండు మూడు మీటర్ల వరకు దిగుతాయి. మొక్క మొదలు నేలమట్టానికి కొంచెం లోపలే ఉంటుంది కాబట్టి ఆకు ఎండినా, పశువు తొక్కినా, మంట తగిలినా మళ్లీ చిగురిస్తుంది. కుదురుకున్న తర్వాత కొన్ని వారాలు నీళ్లు నిలిచినా, నెలల తరబడి వాన లేకపోయినా తట్టుకుంటుంది. నీడను మాత్రం ఓర్వదు. వేప, మామిడి చెట్ల కింద నాటిన వరుస పలచబడుతుంది.

పిలకలు తెచ్చుకునేటప్పుడే ఒక జాగ్రత్త అవసరం. ఉత్తర భారతంలో తమంతట తామే పెరిగే రకాలు పూసి, మొలకెత్తే గింజలు వేస్తాయి. దక్షిణాదిలో చిరకాలంగా సాగులో ఉన్న రకాలు దాదాపు గింజ కట్టవు. గట్టుకు ఈ రెండో రకమే కావాలి. నిమ్మగడ్డితో పోల్చుకుని పొరబడే వారూ ఉన్నారు. నిమ్మగడ్డి ఆకు నలిపితే వాసన వస్తుంది, వట్టివేరులో సువాసనంతా వేరులోనే ఉంటుంది. ఎక్కువ పొడవున నాటాలనుకుంటే పిలకలన్నీ కొనకుండా, ఏడాది ముందే బోరు దగ్గర ఎండ బాగా తగిలే చిన్న మడిలో కొన్ని దుబ్బులు పెంచుకోవడం ఉత్తమం. పదిహేను సెంటీమీటర్ల ఎడంతో, ఒక్కో కుదురుకు రెండు మూడు పిలకల చొప్పున నాటితే, వంద మీటర్ల వరుసకు పదమూడు వందల నుంచి రెండు వేల పిలకలు పడతాయి. ఈ లెక్కను ముందే వేసుకోవాలి.

ఈ పనిలో అన్నిటికన్నా ముఖ్యమైనది గీత గీయడం. చాలామంది పొలం హద్దు వెంట నాటి ఊరుకుంటారు. హద్దు వాలుకు అడ్డంగా ఉంటే సరే. వాలు వెంట కిందికి దిగే హద్దు మీద నాటిన గడ్డి నీటిని ఆపదు, పైగా దాని పక్కనే కాలువ కోసుకుపోవచ్చు. వరుస ఒకే మట్టంలో, వాలుకు అడ్డంగా సాగాలి. మట్టం చూడడానికి ఖరీదైన పరికరం అక్కర్లేదు. సమానమైన రెండు మీటర్ల కర్రలు రెండు తీసుకుని, పైకొసలు కలిపి కట్టి, కాళ్లు విడదీసి, నడుమ ఒక అడ్డకర్ర బిగించి, పైకొస నుంచి దారానికి రాయి కట్టి వేలాడదీయాలి. రెండు కాళ్లను నేల మీద రెండు గుర్తుల్లో నిలిపి, దారం అడ్డకర్రను తాకిన చోట గీత పెట్టాలి. తర్వాత కాళ్ల స్థానాలు మార్చి అవే గుర్తుల్లో నిలిపి, మళ్లీ గీత పెట్టాలి. ఆ రెండు గీతల సరిగ్గా నడిమి బిందువే మట్టం గుర్తు. ఇక చేనులో ఒక కాలు ఆనించి, దారం నడిమి గుర్తు మీదికి వచ్చేదాకా రెండో కాలు జరుపుతూ, ఆగిన చోటల్లా గూటాలు పాతుకుంటూ పోతే వరుస గీత సిద్ధమవుతుంది. అది వంకరగా కనిపించినా సరిచేయకూడదు, నేల వంకరే అందులో కనిపిస్తుంది. నేల ఒక మీటరు దిగిన చోటల్లా ఒక వరుస వేయడం మంచి కొలత. నూరు మీటర్లకు రెండు మీటర్లు దిగే చెలకలో అయితే యాభై మీటర్లకొక వరుస వస్తుంది.

నాటడానికి మృగశిర, ఆరుద్ర కార్తెలు అనువైనవి, అంటే జూన్ రెండో వారం నుంచి జూలై మొదటి వారం దాకా. అయితే కార్తెను చూసి కాక నేల తడిని చూసి నాటాలి. జానెడు లోతు తడవనిదే పిలక పెట్టకూడదు. దుబ్బును తవ్వి చేతితో చీల్చి, నడుమ ఎండిపోయిన ముదురు కాండాలను పారేసి, అంచున ఉండే పచ్చి పిలకలనే ఎంచుకోవాలి. ఆకును జానెడు, వేరును రెండు మూడు అంగుళాలు ఉంచి మిగతాది కోసేయాలి. నాటేలోపు తడి గోనెసంచిలో నీడన ఉంచాలి. గీత వెంట నాగలితో ఒక చాలు తీసి, కొంత పశువుల ఎరువు వేసి, పిలకలను నిలువుగా పెట్టి మొదలు చుట్టూ మట్టిని గట్టిగా అదమాలి. గాలి బొరియలు మిగిలితే వేరు ఎండుతుంది.

నెల తర్వాత ఖాళీలు నింపడం తప్పనిసరి. వరుసలో ఒక చిన్న సందు ఉన్నా పారే నీరంతా అక్కడికే చేరి గండి పెడుతుంది. మొదటి ఏడు కలుపు తీయాలి, మేకలను రానీయకూడదు, ఎందుకంటే లేత ఆకును పశువులు మేస్తాయి. ఎర్ర నేలల్లో వాన వెనుకబడితే కొత్త పిలకలకు చెదలు పట్టే ప్రమాదం ఉంది. ఒకటి రెండు తడులు అందితే తట్టుకుంటాయి. రెండు మూడు వానాకాలాలు గడిచేసరికి వరుస కంచెలా కలిసిపోతుంది. నీరు దాని గుండా మెల్లగా జారి పోతుంది, మట్టి పైవైపున ఆగుతుంది, ఏళ్లు గడిచే కొద్దీ అక్కడ మెట్టులా నేల లేస్తుంది. ఏడాదికి రెండు మూడు సార్లు మోకాలి ఎత్తుకు కోస్తే పిలకలు దట్టమవుతాయి, పక్కనున్న పత్తికో కందికో నీడ పడదు. కోసిన ఆకును మిర్చి, కూరగాయల మొక్కల మొదళ్లలో పరిస్తే తడి నిలుస్తుంది. పాక కప్పుకూ పనికొస్తుంది.

మొక్కజొన్న వేసేవారికి ఇంకొక ఉపయోగం ఉంది. కాండం తొలిచే పురుగు తల్లి రెక్కలపురుగు ఈ గడ్డి మీద గుడ్లు పెడుతుందనీ, పుట్టిన పిల్లపురుగులు దాని మీద బతకలేవనీ దక్షిణాఫ్రికాలో జరిగిన పరిశోధనలు చూపాయి. దీన్ని మందుకు బదులుగా కాక, తోడుగా లెక్కించుకోవాలి.

వేళ్లకు ధర పలుకుతుందని వినగానే గట్టు మీది గడ్డిని తవ్వాలన్న ఆలోచన కొందరికి వస్తుంది. అది ఎంతమాత్రం చేయకూడని పని. మట్టిని పట్టి ఉంచేది ఆ వేరే. దాన్ని పెకలిస్తే గట్టు మునుపటి కంటే వదులవుతుంది, తర్వాతి వానకే తెగుతుంది. గట్టు గడ్డి గట్టుకే. వేళ్ల పంట కావాలంటే దానికి వేరే మడి, వేరే లెక్క ఉండాలి. ఆ మడికి చదునైన, నీరు ఇంకే ఇసుక కలిసిన దుబ్బ నేల కావాలి. రేగడిలో గడ్డి బాగానే పెరుగుతుంది కానీ తవ్వేటప్పుడు వేళ్లు తెగి లోపలే ఉండిపోతాయి. వరుసల మధ్య అరవై, కుదుళ్ల మధ్య ముప్పై సెంటీమీటర్ల ఎడం సరిపోతుంది. లక్నోలోని సీమ్యాప్ (కేంద్ర ఔషధ, సుగంధ మొక్కల పరిశోధన సంస్థ) వేళ్ల నుంచి తీసే నూనె కోసం కేఎస్-1, ధారిణి, గులాబి, కేసరి వంటి రకాలు రూపొందించింది. ఆ సంస్థకు హైదరాబాద్‌లో పరిశోధన కేంద్రం ఉంది కనుక, రకం ఎంపికకు అక్కడ విచారించవచ్చు.

పదిహేను నుంచి పద్దెనిమిది నెలలకు, చలికాలంలో నేల ఆరిన తర్వాత వేళ్లు తీయాలి. ఆకును నేలకు జానెడు పైన కోసి, దుబ్బు చుట్టూ లోతుగా తవ్వి, మట్టి దులిపి, కడిగి, నీడన ఆరబెట్టాలి. ఎండలో వేస్తే సువాసన తగ్గుతుంది. ఆవిరితో నూనె తీయడానికి దాదాపు ఒక పగలూ రాత్రీ పడుతుంది, వంద కిలోల ఎండు వేళ్ల నుంచి సుమారుగా ఒక కిలో నూనె రావచ్చు. అందువల్ల సొంతంగా బట్టీ పెట్టుకోవడం ఒక్క రైతుకు గిట్టుబాటు కాదని నా అభిప్రాయం. వరంగల్‌లోని ఎనుమాముల మార్కెట్‌కు పత్తి, మిర్చి తీసుకెళ్లినట్లు ఈ వేళ్లను తీసుకెళ్లి అమ్మలేం. కూలర్లకూ తడికలకూ వేళ్లు కొనేవారితో, మూలికల వ్యాపారులతో, నూనె బట్టీల వారితో ముందే మాట్లాడుకుని, ధర తేల్చుకున్నాకే మడి వేయాలి. తవ్విన రోజునే పచ్చి పిలకలను విడదీసి, తడి ఉన్న మడిలో తిరిగి నాటితే వచ్చే ఏడాదికి పిలకల ఖర్చు ఉండదు.