కెమెరా ముందూ మీరే, వెనకా మీరే: సొంత ఇండీ సినిమాలో నటిస్తూ దర్శకత్వం చేయడం ఎలా

సొంత సినిమాలో నటిస్తూ దర్శకత్వం చేసేవాళ్లకి దెబ్బ తగిలేది ఎక్కువగా దర్శకత్వంలో కాదు, నటనలో. మిగతావాళ్ల షాట్లన్నీ ఓపికగా తీస్తారు. తమ క్లోజప్ దగ్గరికొచ్చేసరికి వెలుతురు పోతుంటుంది, యూనిట్ అలిసిపోయి ఉంటుంది, ‘నాది రెండు టేకుల్లో అయిపోతుందిలే’ అనుకుంటారు. తీరా ఎడిటింగ్‌లో కూర్చుంటే కథానాయిక ముఖమే సరిగా దొరకదు. అందుకే మీ సినిమాలో హీరోయిన్ మీరు కాదు, వేరే నటి అనుకోండి. ఆ నటికి దర్శకురాలిగా మీరు ఇవ్వాల్సిన రిహార్సలూ టైమూ విశ్రాంతీ ముందే షెడ్యూల్లో రాసిపెట్టండి. 1953లోనే ఇక్కడ భానుమతి, హాలీవుడ్‌లో ఇడా లుపినో తాము నటిస్తున్న సినిమాలకు తామే దర్శకత్వం వహించారు. అంటే అయ్యే పనే. పద్ధతి కావాలి, అంతే.

స్క్రిప్టు దగ్గరే మొదలుపెట్టాలి

మొదటిసారికి 10–15 నిమిషాల షార్ట్ ఫిల్మ్ చాలు. మీరు కనబడని సీన్లు ఒకటి రెండైనా ఉండేలా రాసుకోండి, షూటింగ్ మొదటి రోజు అవే కాపాడతాయి. నిడివిని పేజీలు లెక్కపెట్టి అంచనా వేయొద్దు. స్టాప్‌వాచ్ పెట్టుకుని, మౌనాలతో సహా నటిస్తూ చదవండి. పైకి చదివితే ఎనిమిది నిమిషాలు వచ్చిన స్క్రిప్టు, నటించి చూస్తే పన్నెండు దాటడం మామూలే.

సీన్ల బ్రేక్‌డౌన్ (ఏ సీనుకి ఏమేం కావాలో విడగొట్టి రాసుకోవడం) అందరూ చేస్తారు. మీరు దానికి తోడు మీ పాత్ర కోసం విడిగా ఒక పట్టిక రాసుకోవాలి. ఒక్కో సీనుకి ఒక్కో వరస: కథలో ఎన్నో రోజు, ఈ సీనుకి సరిగ్గా ముందు ఏం జరిగింది, ఆమెకి ఏం తెలుసు, ఏం దాస్తోంది, భావోద్వేగం పదికి ఎంత. సీన్లు వరసగా తీయరు కాబట్టి, సాయంత్రం ఏడింటికి క్లైమాక్స్ ముందు సీను తీస్తున్నప్పుడు పొద్దున తీసిన సీన్లో ఏ స్థాయిలో చేశారో గుర్తుండదు. దర్శకత్వం పనులతో నిండిపోయిన బుర్రకి అసలే గుర్తుండదు. ఆ వరస ఒక్కటి ఒక్క నిమిషం చదువుకుని ఫ్రేములోకి వెళ్లండి.

రిహార్సల్ షూటింగుకి రెండు మూడు వారాల ముందే పెట్టుకుని ఫోన్లో రికార్డు చేయండి. ఆ వీడియో అదే రోజు చూడకండి, మర్నాడు చూడండి. పాత్ర ఎక్కడ తేలిపోతోంది, ఏ డైలాగు కొట్టేయాలి, ఎక్కడ కూర్చోవాలి, ఎక్కడ లేవాలి, ఈ నిర్ణయాలన్నీ అక్కడే అయిపోవాలి. సెట్లో తేలుద్దాం అని వదిలేసిన ప్రతి ప్రశ్నా మీ నటనకి కేటాయించిన సమయాన్నే తింటుంది.

సెట్లో ఎవరు చూడాలి, ఎవరు ‘కట్’ చెప్పాలి

నటి-దర్శకురాళ్ల క్లోజప్పుల్లో తరచూ కనబడే లోపం ఒకటుంది. ఎదుటి నటుడు మాట్లాడుతుంటే ఆమె కళ్లు వినవు, మార్కులు వేస్తుంటాయి. డైలాగు సరిగా చెప్పాడా, చెప్పిన చోటే నిలబడ్డాడా అని ఆమెలోని దర్శకురాలు చూస్తుంటుంది. కెమెరా దాన్ని ఇట్టే పట్టేస్తుంది. ‘ఇప్పుడు నటన మీదే దృష్టి పెడతాను’ అనుకున్నంత మాత్రాన ఇది పోదు. మీ బదులు చూసే మనిషి మానిటర్ దగ్గర ఉన్నాడన్న నమ్మకం కుదిరితేనే పోతుంది.

ఆ మనిషిని ప్రీ-ప్రొడక్షన్‌లోనే ఎంచుకోండి. యాక్టింగ్ కోచ్ కావచ్చు, సహ రచయిత కావచ్చు, రిహార్సల్స్ అన్నీ చూసిన అసోసియేట్ కావచ్చు. ఒక్కరే ఉండాలి. టేక్ అయ్యాక ఆ ఒక్కరు మూడు ప్రశ్నలకే జవాబు చెప్పాలి: నమ్మించిందా, అనుకున్న మలుపు కనబడిందా, ఇంకో టేక్ కావాలా. కెమెరామన్ ఫోకస్, ఫ్రేము గురించి, సౌండ్ రికార్డిస్ట్ శబ్దం గురించి చెప్తే చాలు. నటన మీద నలుగురు నాలుగు మాటలంటే తర్వాతి టేకులో నలుగురినీ మెప్పించాలని చూస్తారు, పాత్ర చేజారిపోతుంది.

‘యాక్షన్’, ‘కట్’ రెండూ ఫస్ట్ ఏడీ (సెట్ నడిపే మొదటి అసిస్టెంట్ డైరెక్టర్) చెప్పాలి. సీన్లో ఉన్న మీరే కట్ చెప్తే, ఆ మాటకి అర క్షణం ముందే మీ ముఖం పాత్రలోంచి బయటికి వచ్చేస్తుంది. ఎడిటర్‌కి కావాల్సింది సరిగ్గా ఆ అర క్షణమే. చివరి డైలాగు అయ్యాక అయిదు సెకన్లు ఆగి కట్ చెప్పమని ముందే ఒప్పందం చేసుకోండి.

ప్రతి టేకూ ప్లేబ్యాక్ చూడాలన్న ఆత్రుత సహజమే, కానీ లెక్క వేయండి. మానిటర్ దాకా రావడం, చూడడం, మాట్లాడడం, మళ్లీ పొజిషన్‌లోకి వెళ్లడం కలిపి అయిదు నిమిషాలు. రోజుకి ఇరవై సెటప్పులుంటే (కెమెరా, లైట్లు మార్చిన ప్రతిసారీ ఒక సెటప్), సెటప్‌కి ఒక్కసారి చూసినా వంద నిమిషాలు. ఫ్రేము స్టాండిన్‌తో, అంటే మీ బదులు మీ చోట నిలబడే మనిషితో, ముందే ఖాయం చేసుకోండి. టేకు మాత్రం ‘ఇది ఓకే’ అనుకున్నాక ఒక్కసారి చూడండి.

మేకప్ వేళని వృథా చేయకండి

మేకప్, హెయిర్ కలిపి ముప్పావు గంట నుంచి గంటన్నర పడుతుంది. సరిగ్గా ఆ టైములోనే దర్శకురాలు సెట్లో ఉండాలి. దీనికి పరిష్కారం పని వరస మార్చడం. పొద్దున రాగానే, మేకప్‌కి ముందే, మామూలు బట్టల్లోనే బ్లాకింగ్ (ఎవరు ఎక్కడ నిలబడాలి, ఎటు కదలాలి అన్నది ఖాయం చేయడం) చేసేయండి. నటులు నిలబడే చోట్ల నేల మీద టేప్ అంటించండి, ఒక్కొక్కరికి ఒక్కో రంగు. కెమెరామన్‌తో షాట్ లిస్ట్ ఒకసారి చదువుకోండి. అప్పుడు మేకప్‌కి వెళ్లండి, ఈలోగా స్టాండిన్‌ని పెట్టి లైటింగ్ అవుతుంది.

స్టాండిన్‌గా ఖాళీగా ఉన్నవాళ్లెవరినో నిలబెట్టేయకండి. ఎత్తు తేడా ఉంటే ఫ్రేములో తల పైన జాగా మారుతుంది, ఐ లైన్ (చూపు దిశ) తప్పుతుంది. చర్మం రంగు తేడా ఉంటే ఎక్స్‌పోజర్ మళ్లీ సరిచేయాలి. మీ ఎత్తు, మీ చాయ ఉన్న మనిషికి మీ కాస్ట్యూమ్ రంగులోనే ఏదైనా వేయండి.

షూటింగ్ మొదటి రోజు బరువైన సీను పెట్టొద్దు. మీరు లేని సీన్లతోగానీ, నడక, తలుపు తీయడం లాంటి మాటల్లేని షాట్లతోగానీ మొదలుపెట్టండి. మీ ముఖ్యమైన క్లోజప్పులు రోజులో మొదటి సగంలోనే అయిపోవాలి. కాల్ షీట్లో (ఆ రోజు షూటింగ్ షెడ్యూల్ కాగితంలో) ఏ సీను అని మాత్రమే కాదు, మీ క్లోజప్ ఏ టైముకో కూడా రాయించండి. రాస్తే దాన్ని కాపాడే బాధ్యత ఫస్ట్ ఏడీది అవుతుంది. ఎదుటివాళ్ల క్లోజప్ తీసేటప్పుడు మాత్రం మీరు మానిటర్ దగ్గర కూర్చోవద్దు, కెమెరా పక్కన నిలబడి మీ డైలాగులు పూర్తిగా నటిస్తూ ఇవ్వండి. మీరిస్తేనే వాళ్లూ మీకిస్తారు. రోజు పని ముగిసిన దగ్గర్నుంచి మర్నాటి పిలుపుకి కనీసం పది గంటల ఎడం ఉండాలి. నిద్ర లేమి దర్శకుల పనిలో అంతగా బయటపడదేమో గానీ, నటి కళ్ల కింద తప్పకుండా కనబడుతుంది.

సన్నిహిత సీన్లుంటే ఇంకో జాగ్రత్త. మీరే దర్శకురాలు, మీరే నిర్మాత, మీరే సహనటి అయినప్పుడు, ఎదుటి నటుడికి ‘ఇది నాకు ఇబ్బంది’ అని చెప్పుకోవడానికి మనిషే మిగలడు. ఇంటిమసీ కోఆర్డినేటర్‌ని (ఇలాంటి సీన్లలో నటుల హద్దులు, అంగీకారం చూసుకునే మనిషిని) పెట్టుకోండి. కుదరకపోతే అతను నమ్మే మూడో మనిషికి సీను ఆపే హక్కు రాతపూర్వకంగా ఇవ్వండి. ఏం చూపిస్తారు, ఎక్కడ తాకుతారు, సెట్లో ఎవరుంటారు అన్నవి ముందే కాగితం మీద ఉండాలి.

ఎంత చిన్న యూనిట్ సరిపోతుంది

1970లో వచ్చిన తన ఒకే ఒక్క ఫీచర్ సినిమా ‘వాండా’ని అమెరికన్ నటి బార్బరా లోడెన్ 16 ఎం.ఎం. కెమెరాతో, వేళ్ల మీద లెక్కపెట్టగల యూనిట్‌తో, తానే రాసి, నటించి తీశారు. కాబట్టి చిన్న యూనిట్ గురించి దిగులు వద్దు. అయితే ఇద్దర్ని మాత్రం ఎప్పుడూ తగ్గించొద్దు: ఫస్ట్ ఏడీ, సౌండ్ రికార్డిస్ట్. సెట్ నడిపే మనిషి లేకపోతే మేకప్ కుర్చీలోంచి కూడా మీరే కేకలు వేయాల్సి వస్తుంది.

ప్రతి లొకేషన్‌లో అందరూ కదలకుండా నిలబడి ముప్పై సెకన్ల రూమ్ టోన్ (ఎవరూ మాట్లాడనప్పుడు ఆ చోట వినబడే శబ్దం) రికార్డు చేయాలి, అది లేకపోతే ఎడిట్‌లో ప్రతి కట్ దగ్గరా శబ్దం తెగినట్టు వినబడుతుంది. ఇంట్లో షూట్ చేస్తే ఫ్రిజ్ ఆపి, బండి తాళాలు అందులో పెట్టండి. తాళాల కోసం తెరిచినప్పుడు మళ్లీ ఆన్ చేయడం గుర్తొస్తుంది. ఫుటేజ్ మూడు కాపీలుండాలి, అందులో ఒకటి వేరే ఇంట్లో. కాపీలు తెరిచి చూసేదాకా కార్డు ఫార్మాట్ చేయొద్దు. డీసీపీ (థియేటర్లో వేసే డిజిటల్ కాపీ) మామూలుగా సెకనుకి 24 ఫ్రేములకే చేస్తారు కాబట్టి కెమెరా మొదటి రోజే 24కి పెట్టండి. 25లో తీసి తర్వాత నెమ్మది చేస్తే నిడివీ మారుతుంది, గొంతులూ మారతాయి.

ఎడిటింగ్‌లో మిమ్మల్ని మీరు చూడడం

మొదటి కూర్పు ఎడిటర్‌నే చేయనివ్వండి, మీకు నచ్చిన టేకుల జాబితా ఇవ్వకండి. ఈలోగా రెండు వారాలు ఫుటేజ్ జోలికి వెళ్లొద్దు. తమని తాము ఎడిట్ చేసుకునేవాళ్లు రెండు రకాలుగా తప్పుతారు. కొందరు అందంగా కనబడిన టేక్ ఎంచుకుని నిజంగా ఉన్న టేక్ వదిలేస్తారు. కొందరు మొహమాటంతో తమ షాట్లు త్వరగా కట్ చేసేస్తారు, ప్రేక్షకుడు ఆ పాత్రతో ఉండాల్సిన చోట ఉండలేకపోతాడు. రెండోది ఎక్కువ ప్రమాదకరం, ఎందుకంటే అది వినయంలా కనబడుతుంది. నోట్స్‌లో ‘నేను’ అని రాయకండి, పాత్ర పేరు రాయండి. రఫ్ కట్ ఒకసారి శబ్దం ఆపి చూడండి. తర్వాత కథ తెలియని అయిదారుగురికి చూపించి, ఎక్కడ విసుగొచ్చింది, ఎక్కడ అర్థం కాలేదు అని మాత్రమే అడగండి. బాగుందా అని అడిగితే బాగుందనే అంటారు.

కాగితాలు, ఫెస్టివల్స్

నటులు, లొకేషన్, సహ రచయితల ఒప్పందాలు షూటింగ్‌కి ముందే సంతకాలైపోవాలి. మీ కంపెనీతో మీ నటనకీ, స్క్రిప్టుకీ కూడా ఒప్పందం రాసుకోండి. హక్కులు ఎవరి దగ్గర్నుంచి ఎవరికి వచ్చాయో కొనేవాళ్లు వరసగా అడుగుతారు. పాట వాడితే బాణీకి ఒక అనుమతి, ఆ రికార్డింగ్‌కి ఇంకో అనుమతి కావాలి.

ఫెస్టివల్స్‌కి పంపాలనుకుంటే ముందుగా ఆన్‌లైన్లో పెట్టొద్దు. ప్రీమియర్ (తొలి ప్రదర్శన) కావాలనే ఫెస్టివల్స్ దగ్గర ఆ దారి మూసుకుపోతుంది. ఆస్కార్ నిబంధనల్లో షార్ట్ ఫిల్మ్ అంటే టైటిల్స్‌తో కలిపి 40 నిమిషాలకి మించకూడదు. అయినా పది, పదిహేను నిమిషాల సినిమాకి ప్రోగ్రాములో చోటు దొరకడం సులువు. సబ్‌టైటిల్ రెండు వరసలు దాటొద్దు. సెట్లో స్టిల్స్ తీయించడం మరిచిపోకండి, మీరు కెమెరా వెనక నిలబడి పనిచేస్తున్నవి కూడా. ఫెస్టివల్ వాళ్లు అడిగినప్పుడు చాలామంది దగ్గర నటిస్తున్న ఫొటోలే ఉంటాయి.

సినిమా బయటికి వచ్చాక రెండు పనులకీ రెండు విడి లింకులు పెట్టుకోండి. నటన రీల్ (మీరు నటించిన ముక్కలు కూర్చిన వీడియో) రెండు నిమిషాలు దాటకూడదు, మొదటి పది సెకన్లలోనే మీ ముఖం, గొంతు రావాలి. దర్శకత్వానికి రీల్ కాదు, పూర్తి సినిమా పంపండి. సినిమా తీశాక ‘ఆవిడ ఇక దర్శకురాలే’ అనుకుని నటిగా పిలవడం మానేసే వాళ్లుంటారు. అందుకే కాస్టింగ్ వాళ్లకి వచ్చే రెండు నెలల్లో మీరు ఏ తేదీల్లో ఖాళీయో చెప్తూ రెండు వరసల మెయిల్ పంపండి.