బోనాల ఆదివారం సంగతి శనివారమే చూసుకోండి

మందు మానేసి కొన్ని నెలలే అయినవాళ్లకి ఆషాఢం గడ్డు నెల. హైదరాబాద్‌లో గోల్కొండలో మొదలై, తర్వాత లష్కర్ అనే సికింద్రాబాద్, ఆ తర్వాత లాల్‌దర్వాజా, ఇలా ఆదివారానికో వైపు బోనాలు. ప్రతి వైపూ మనకో మేనత్తో బావమరిదో ఉండనే ఉంటారు, ప్రతి ఇంట్లోనూ దావతే.

"ఆ రోజు వైన్స్ బంద్ కదా, ఇంక టెన్షన్ ఎందుకు" అంటారు కొందరు. అసలు తిప్పలు అక్కడే ఉంది. బంద్ అని ముందే తెలుసు కాబట్టి శనివారం సాయంత్రమే జనం వైన్స్ మీద పడతారు, సరుకంతా ఇళ్లలోకి చేరుతుంది. బాత్రూంలో నీలం టబ్బులో ఐసుగడ్డల మధ్య బీర్లు, ఫ్రిజ్ కింది అరలో టమాటాల సంచి వెనక ఫుల్ బాటిల్. షాపుకి పోవాలంటే కనీసం చెప్పులేసుకోవాలి, ఇక్కడ అదీ అక్కర్లేదు. అందుకే మీ ఇంట్లో దావత్ అయితే శుక్రవారమే కూర్చుని మాట్లాడండి. తాగేవాళ్లని ఆపలేకపోయినా, వాళ్ల సరుకు మేడ మీదో పక్కింట్లోనో పెట్టుకోమనొచ్చు, పండగ అయ్యాక మిగిలింది ఒక్క చుక్క కూడా ఉంచకుండా తీసుకుపొమ్మనొచ్చు. సోమవారం రంగం (అమ్మవారి భవిష్యవాణి), ఘటం ఊరేగింపు అయ్యి అందరూ వెళ్లిపోయాక ఖాళీ ఇంట్లో దొరికే ఆ సగం క్వార్టరే చాలామందిని ముంచుతుంది.

వేరేవాళ్లింటికి పోతుంటే ముందే ఫోన్ చేసి "బావా, నేను బంద్ చేసిన, నాకు పోయకు" అని చెప్పేయండి. నలుగురి మధ్య గ్లాసు చేతికొచ్చాక చెప్పడం కష్టం. గుళ్లో బోనం సమర్పించేదాకా ఒక్కపొద్దు ఉండే అలవాటుంటే ఈ ఏడాదికి డాక్టర్‌ని అడిగి ఏదైనా తినండి, ఎందుకంటే ఆకలి, ఎండ, నిద్రలేమి, చెవి పక్కనే డప్పు, ఇవన్నీ కలిస్తే మంచి మంచి పట్టుదలలు కూడా సడలిపోతాయి. కూల్‌డ్రింక్ సీసా మూత మీరే తీయండి. గ్లాసు పక్కన పెట్టి తీన్‌మార్‌కి పోతే, వచ్చాక పారబోసి కొత్తది పోసుకోండి, ఆటపట్టించడానికి కలిపే మహానుభావులు ప్రతి ఇంట్లో ఒకరుంటారు. మీ బండి మీదో మెట్రోలోనో పోండి, బావమరిది కారెక్కితే ఆయన లేచేదాకా మీరూ అక్కడే.

"కల్లే కదా, అమ్మవారి ప్రసాదం, కాదనొద్దు" అంటారు. సాకగా పోసే కల్లు అమ్మవారికి, మీకు కాదు. కల్లులో ఉన్నదీ ఆల్కహాలే. పైగా సిటీలో దొరికే కల్లులో చెట్టు కల్లెంతో, కలిపిన మత్తుమందెంతో ఎవరికి తెలుసు? క్లోరల్ హైడ్రేట్, డైజిపామ్, ఆల్ప్రజోలమ్ కలిపి అమ్ముతూ దొరికినవాళ్లున్నారు. 2025 జూలైలో కూకట్‌పల్లి వైపు కల్తీ కల్లు తాగి పలువురు చనిపోయారు.

ఇంకా రోజూ తాగుతూనే ఉండి, అమ్మవారికి మొక్కుకుని పండగకి ఒక్కసారిగా మానేద్దాం అనుకునేవాళ్లకి ఇది మరీ ముఖ్యం. మొక్కు మంచిదే, కానీ డాక్టర్ లేకుండా వద్దు. చాలాకాలం గట్టిగా తాగినవాళ్లు ఉన్నట్టుండి ఆపితే కొన్ని గంటల్లోనే చేతులు వణకడం, చెమటలు మొదలవుతాయి, మొదటి రెండు రోజుల్లో ఫిట్స్ రావచ్చు, రెండు నుంచి నాలుగు రోజుల మధ్య మతి తప్పి లేనివి కనిపించడం, వినిపించడం కూడా జరగొచ్చు. సరిగ్గా అదే సమయంలో ఇంట్లోవాళ్లు "పూనకం" అనుకుని పసుపునీళ్లు చల్లుతూ కూర్చుంటే ప్రాణం మీదికొస్తుంది. వెంటనే 108కి ఫోన్ చేయండి. రోజూ కల్తీ కల్లు తాగి ఆపినవాళ్లకీ ఇదే ప్రమాదం, ఎందుకంటే ఆల్ప్రజోలమ్ లాంటి మత్తుమందులు ఉన్నట్టుండి ఆగినా ఫిట్స్ రావచ్చు. ఎర్రగడ్డ ప్రభుత్వ మానసిక ఆస్పత్రిలో చూస్తారు. ఎంత తాగేవారో, ఏం కలిపేవారో డాక్టర్‌కి తగ్గించి చెప్పకండి, మందుల మోతాదు ఆ లెక్క మీదే వేస్తారు.

డైసల్ఫిరామ్ (తాగితే ఒంటికి పడకుండా చేసి తాగుడు మాన్పించే మాత్ర) వేసుకుంటున్నవాళ్లు "పండగకి రెండు రోజులు ఆపితే చాలు" అని లెక్కలు కట్టొద్దు. ఆఖరి మాత్ర తర్వాత రెండు వారాల దాకా కూడా ఒంట్లో ఆల్కహాల్ పడితే ముఖం ఎర్రబడి, గుండె దడ, వాంతులు, బీపీ పడిపోవడం, అన్నీ రావచ్చు. కొన్ని దగ్గు మందుల్లోనూ ఆల్కహాల్ ఉంటుంది, సీసా మీద చదవండి. వదినలు, అమ్మలు, మీకో మాట: ఆ మాత్ర ఆయనకి తెలియకుండా మటన్ కూరలో కలపొద్దు. పండగ రోజు తెలియక తాగితే ఆయన ఐసీయూకి పోవాల్సి రావచ్చు.

గంజాయి, మాత్రలు, ఇంజెక్షన్లు మానినవాళ్లూ ఇదే గుంపులో దొరికిపోతారు. హెరాయిన్, నొప్పి మాత్రల లాంటివి మానినవాళ్లకి ఒంటికి అలవాటు తప్పింది కాబట్టి పాత డోసు ఇప్పుడు తట్టుకోలేరు, ఊపిరి ఆగిపోవచ్చు.

జారితే? ఒక్క గ్లాసు దగ్గరే ఆపి ఆ ఇంట్లోంచి బయటికి రండి, "ఎలాగూ పోయింది కదా" అని రాత్రంతా కూర్చోవద్దు. డైసల్ఫిరామ్ మీద ఉంటే మాత్రం ఒక్క గ్లాసైనా సరే నేరుగా ఆస్పత్రికే. అలా కాకపోతే ఏఏ (ఆల్కహాలిక్స్ అనానిమస్, తాగుడు మానినవాళ్ల బృందం) మీటింగ్‌లో మీకు తెలిసినవాళ్లకి ఆ రాత్రే ఫోన్ చేయండి, ఎవరూ ఎత్తకపోతే వ్యసన విముక్తి హెల్ప్‌లైన్ 14446, మనసు బాగా కుంగితే మానసిక ఆరోగ్య హెల్ప్‌లైన్ టెలీ మానస్ 14416. ఈ నంబర్లు శనివారమే ఫోన్‌లో సేవ్ చేసి పెట్టుకోండి.